అక్టోబర్ 27, పాక్ సుంగ్‌పిల్ కోసం

ఈ రోజు దక్షిణ కొరియాలో సినిమా దినోత్సవం. 1919లో ఇదే తేదీన సియోల్‌లోని దాన్‌సుంగ్సా థియేటర్‌లో 'ఉయిరిజొక్ కుతో' ఆడింది. డబ్బు పెట్టింది ఆ హాలు నడిపిన పాక్ సుంగ్‌పిల్. కొరియా తొలి నిర్మాత ఎవరంటే నాకు ముందు గుర్తొచ్చేది ఈయనే.

అది పూర్తి సినిమా కాదు, కినోడ్రామా. నాటకం నడుస్తుంటుంది. స్టేజీ మీద చూపలేని బయటి దృశ్యం రాగానే దీపాలు ఆర్పి, తెర దించి, ఫిల్మ్ వేస్తారు. రీలు అవగానే తెర లేపుతారు, నటులు అక్కడి నుంచే అందుకోవాలి. చేత్తో తిప్పే ప్రొజెక్టర్ కాస్త వేగం మారినా ఆ అతుకు చెడిపోతుంది. ఫిల్మ్ మొత్తం వెయ్యి అడుగులంటారు. సెకనుకు 16 ఫ్రేముల చొప్పున లెక్కేస్తే పదిహేడు నిమిషాల లోపే!

అప్పుడు కెమెరామన్‌ని జపాన్ నుంచి రప్పించాల్సి వచ్చింది. అయిదేళ్లకు, 1924లో, 'జాంగ్‌హ్వా హోంగ్‌ర్యోన్' అనే కొరియా జానపద కథను పాక్ కొరియన్లతోనే తీయించాడు, కెమెరా పట్టింది లీ పిల్‌వూ. నిర్మాతగా ఆయన అసలు గెలుపు ఇదేనని నా నమ్మకం. హాలు చేతిలో ఉంది కాబట్టి విడుదలకు ఎవర్నీ బతిమాలక్కర్లేదు, అదీ ఆయన బలం.

ఆ రెండు ఫిల్ములూ ఇప్పుడు లేవు. తలుచుకుంటే గుండె బరువెక్కుతుంది.