ముప్ఫై వేల కిస్తీలో అసలుకు చేరినది 397 రూపాయలు

మా ఇంట్లో వడ్డీని ఏడాదికి ఇంత శాతమని ఎన్నడూ లెక్కించలేదు. నెలకు నూటికి ఎన్ని రూపాయలన్నదే మాకు తెలిసిన లెక్క. ప్రత్తిపాడు దగ్గర మా ఊళ్లో నాన్న మిరప, పత్తి వేసిన రోజుల్లో పెట్టుబడికి తెచ్చిన అప్పు రెండు రూపాయల వడ్డీకే దొరికేది. బాగా తెలిసినవారైతే రూపాయిన్నరకు ఇచ్చేవారు. అందుకే 2021లో గుంటూరు గోరంట్లలో ఫ్లాటు కొనేందుకు బ్యాంకు 6.70 శాతానికి గృహరుణం ఇస్తోందని చెప్పగానే నాన్న దాన్ని మనసులోనే పన్నెండుతో భాగించి, "యాభై ఆరు పైసల వడ్డీరా అబ్బాయ్, ఇంత చౌకగా అప్పు పుట్టడం నేను చూడలేదు, తీసుకో" అన్నారు. ఆ మాటలో తప్పేమీ లేదు. అయితే మేమిద్దరమూ చూసింది వడ్డీ రేటునే కాని, ఆ రేటు ఎన్నేళ్లపాటు మా మీద నడుస్తుందో చూడలేదు. గృహరుణం ఖరీదంతా ఆ ఏళ్లలోనే ఉందని తెలుసుకోవడానికి నాకు దాదాపు రెండేళ్లు పట్టింది. అది ఎలా తెలిసిందో, తెలిశాక ఏం చేశానో, ఇల్లు కొనాలనుకుంటున్నవారికి ఉపయోగపడుతుందన్న ఉద్దేశంతో అంకెలతో సహా రాస్తున్నాను.

నేను మిర్చి యార్డుకు దగ్గర్లోని ఒక కోల్డ్ స్టోరేజీలో లెక్కలు చూస్తాను. ఫ్లాటు ధర 50 లక్షలు. 30 లక్షలకు మించి 75 లక్షల లోపు రుణమైతే ఆస్తి విలువలో 80 శాతం దాకానే ఇవ్వాలని రిజర్వు బ్యాంకు నిబంధన ఉండడం వల్ల 40 లక్షలు బ్యాంకు ఇచ్చింది, 10 లక్షలు మేము పెట్టుకున్నాము. రిజిస్ట్రేషన్‌కు స్టాంపు డ్యూటీ, బదిలీ సుంకం, రిజిస్ట్రేషన్ రుసుము కలిపి 7.5 శాతం లెక్కన 3,75,000 రూపాయలు అయింది. ఈ ఖర్చును బ్యాంకు ఆస్తి విలువలో కలపదు కాబట్టి అదీ చేతిలో నుంచే పోయింది. ఆపైన బ్యాంకు వకీలు ఫీజు, విలువ కట్టిన ఇంజనీరు ఫీజు, ప్రాసెసింగ్ రుసుము, దస్తావేజులు బ్యాంకులో పెట్టినట్టు రాసే పత్రానికి మళ్లీ స్టాంపులు. ఇవన్నీ ఒక్కసారి కట్టి మరచిపోయేవి. వీటి గురించి అందరూ ముందే చెబుతారు, మాకూ చెప్పారు.

సంతకాల రోజున మరో కాగితం ముందుకు వచ్చింది. నాకేమైనా అయితే అప్పు తీర్చే బీమా అది. ఒకేసారి కట్టే ప్రీమియం 1,20,000 రూపాయలు. చేతిలో డబ్బు లేకపోయినా ఫర్వాలేదని, దాన్ని కూడా రుణంలో కలుపుతామని అన్నారు. నెలకు 909 రూపాయలే పెరుగుతుందని విన్నప్పుడు ఒప్పుకోబోయాను. 909ని 240తో గుణించి చూస్తే ఆ లక్షా ఇరవై వేల బీమాకు 2,18,000 రూపాయలకు పైగా కట్టవలసి వస్తుందని తేలింది. బ్యాంకు చూపిన బీమానే తీసుకోవాలన్న నియమం లేదు. బీమా అక్కర్లేదని కాదు, ఇంత అప్పున్న మనిషికి అది తప్పనిసరి. నేను విడిగా టర్మ్ పాలసీ తీసుకుని ఏటా ప్రీమియం కట్టుకుంటున్నాను.

40 లక్షలకు 20 ఏళ్ల గడువు, నెలకు 30,296 రూపాయల ఈఎంఐ. 240 కిస్తీలు కలిపితే 72,71,040 రూపాయలు, అంటే వడ్డీ 32 లక్షల 71 వేలు. ఈ అంకె చూసి అప్పట్లో ఉలిక్కిపడ్డాను గాని, ఇరవై ఏళ్లకు అంతేలే అని సర్దుకున్నాను. మొదటి కిస్తీలో 22,333 రూపాయలు వడ్డీకి, 7,963 రూపాయలు అసలుకు వెళ్లాయి. మొదట్లో వడ్డీ భాగం ఎక్కువగా ఉంటుందని, పోనుపోను తగ్గుతుందని తెలుసు కాబట్టి దిగులు పడలేదు.

మా రుణం రెపో రేటుకు, అంటే రిజర్వు బ్యాంకు ఇతర బ్యాంకులకు అప్పిచ్చే రేటుకు, ముడిపడినది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు మారే వడ్డీతో కొత్తగా ఇచ్చే గృహరుణాలను ఇలాంటి బయటి ప్రమాణానికి ముడిపెట్టాలని రిజర్వు బ్యాంకు ఆదేశించింది. మేము తీసుకున్నప్పుడు రెపో రేటు 4 శాతం, దాని మీద బ్యాంకు వేసుకున్నది 2.70. 2022 మే నుంచి రెపో పెరగడం మొదలై 2023 ఫిబ్రవరి నాటికి 6.50కి చేరింది. మాకు మూడు నెలలకోసారి రేటు మారే ఒప్పందం కాబట్టి 6.70 కాస్తా 7.60, 8.60, 8.95 మీదుగా 2023 ఏప్రిల్ నాటికి 9.20 అయింది. ప్రతిసారీ ఫోనుకు ఒక సందేశం వచ్చేది. అందులో కొత్త రేటు ఉండేది. ఖాతాలో నుంచి మాత్రం ప్రతి నెలా అదే 30,296 కోత పడేది. కట్టేది మారనప్పుడు భారం కూడా మారలేదనే అనుకున్నాను.

2023 జూన్‌లో, వేసవి సరుకంతా లోపలికి చేరి మా గోదాములు నిదానించిన రోజుల్లో, ఆదాయపు పన్ను రిటర్ను కోసం బ్యాంకు నుంచి వడ్డీ ధ్రువపత్రం తెచ్చుకున్నాను. ఏడాది మొత్తానికి వడ్డీ 3,11,891 రూపాయలు, అసలు 51,661 రూపాయలు అని అందులో ఉంది. అంతకుముందు సంవత్సరపు పత్రం తీసి పక్కన పెట్టాను. అప్పుడు కట్టినవి ఆరు కిస్తీలే, అసలుకు జమ అయినది 48,448. ఆరు నెలల్లో తీరినంత అప్పే తర్వాత పన్నెండు నెలల్లోనూ తీరిందన్నమాట. లెక్క తప్పిందేమోనని మర్నాడే బ్యాంకుకు వెళ్లి ఖాతా వివరాలన్నీ అచ్చు వేయించుకుని, ఆఫీసులో స్కేలు పెట్టి ఒక్కో వరుసా చూశాను. ఏప్రిల్ వరుసలో ఇలా ఉంది: కట్టినది 30,296, వడ్డీ 29,899, అసలు 397.

ఆ 397 మీద నా వేలు చాలాసేపు ఆగిపోయింది. మే నెలలో 400, జూన్‌లో 403. నేను ఓవర్‌టైము చేసి, నా భార్య బడి జీతం కలిపి నెల నెలా కడుతున్న ముప్ఫై వేలలో మా అప్పు తగ్గినది ఒక సిలిండరు గ్యాసు ధరంత కూడా లేదు. అప్పటిదాకా 21 కిస్తీల్లో 6,36,216 రూపాయలు కడితే అసలు తగ్గినది 1,01,309. ఇదే ఈఎంఐ, ఇదే రేటు కొనసాగితే అప్పు ఎప్పటికి తీరుతుందో ఎక్సెల్‌లో వేసి చూశాను. ఏప్రిల్ నుంచి 568 కిస్తీలు అని వచ్చింది, అంటే 47 ఏళ్ల పైమాట. అప్పటికి నాకు 38 ఏళ్లు.

అంత గడువు ఏ బ్యాంకూ ఇవ్వదు. ఎక్కడో ఒకచోట గడువుకు పరిమితి వస్తుంది, అప్పుడు ఈఎంఐని ఒక్కసారిగా పెంచుతారు. మా శాఖలో అధికారి మర్యాదగానే మాట్లాడారు. "ఈఎంఐ పెరిగితే చాలామంది ఇబ్బంది పడతారండీ, అందుకని గడువు పెంచుతాం" అన్నారు. ఆ మాట నిజమే, పెంచి ఉంటే ఆ నెలల్లో మేమూ ఇబ్బంది పడేవాళ్లమే. కాని పెంచినది నా గడువును, నన్ను అడగకుండా పెంచారు. నాన్న కాలంలో ప్రోనోటుకు మూడేళ్లు దాటితే కాలదోషం పడుతుంది కాబట్టి, తీర్చలేకపోతే వడ్డీని అసలులో కలిపి నోటు తిరగరాసేవారు. ఆ తిరగరాతలో ఎంతో బాధ ఉండేది గాని, పెరిగిన అప్పు అంకెల్లో ఎదురుగా కనిపించేది. రెవిన్యూ స్టాంపు మీద సంతకం పెట్టేటప్పుడు ఎంత దూరం వచ్చామో మనిషికి తెలిసేది. నా అప్పును మాత్రం నెల నెలా తిరగరాస్తున్నట్టే ఉన్నా ఎక్కడా నా సంతకం అవసరం పడలేదు.

ఈ పరిస్థితి నా ఒక్కడిది కాదు. 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు దీనిమీదే ఆదేశం ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ మీద, గడువు మీద దాని ప్రభావం ఎంతో రుణగ్రహీతకు చెప్పాలి. ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంత పెంచాలా అన్నది అతన్నే ఎంచుకోనివ్వాలి. గడువు పెంచినా కట్టేది వడ్డీకే చాలక అప్పు పెరిగే స్థితి రాకూడదు. ప్రతి మూడు నెలలకూ అప్పటిదాకా జమ అయిన అసలు, వడ్డీ, మిగిలిన కిస్తీల సంఖ్య ఉన్న పత్రం అందుబాటులో ఉంచాలి. ఆ పత్రంలో చూడవలసిన అంకె మిగిలిన కిస్తీల సంఖ్యే. నేను ఇప్పటికీ మూడు నెలలకోసారి దాన్ని దించుకుని మొదట అక్కడికే వెళతాను.

ఆదేశం రాకముందే మేము ఒక నిర్ణయానికి వచ్చాము. అప్పు మొదట అనుకున్నట్టు 2041 సెప్టెంబరుకే తీరాలంటే జూలై నుంచి ఎంత కట్టాలో లెక్క వేస్తే 36,800 రూపాయలని తేలింది, అంటే నెలకు 6,504 ఎక్కువ. ఆ రాత్రి ఇద్దరం కూర్చుని ఇంటి ఖర్చు పుస్తకం అంతా తిరగేసి, కారు కొనాలన్న ఆలోచన మానుకుని, ఈఎంఐ పెంచమని బ్యాంకుకు రాతపూర్వకంగా దరఖాస్తు పెట్టాము. అలా కట్టినా రేటు 9.20 దగ్గరే ఉండిపోయి ఉంటే మొత్తం 86,95,000 దాటేది. మొదట అనుకున్న దానికంటే 14 లక్షల 24 వేలు ఎక్కువ. నాన్న లెక్కలో అది నూటికి 21 పైసల పెరుగుదల మాత్రమే.

ఆ సెప్టెంబరు ఆఖరులో నా భార్యకు చీటీ డబ్బు 2 లక్షలు వచ్చింది. దసరాకు బంగారం కొందామన్నది ఆమె ఆలోచన. నేను ఆ డబ్బు అసలుకు కడదామన్నాను. మారే వడ్డీ ఉన్న గృహరుణాన్ని ముందుగా తీర్చినందుకు బ్యాంకులు జరిమానా వేయరాదని 2012లోనే రిజర్వు బ్యాంకు చెప్పింది కాబట్టి అటువైపు నష్టం లేదు. అప్పటికి మిగిలినవి 216 కిస్తీలు. ఈఎంఐ తగ్గించకుండా 2 లక్షలు అసలుకు కడితే అవి దాదాపు 190కి దిగుతాయి. ఇక్కడ ఒక జాగ్రత్త అవసరం: కొంత అసలు ముందుగా కట్టినప్పుడు ఈఎంఐ తగ్గించాలా, గడువు తగ్గించాలా అని అడుగుతారు. గడువు తగ్గించమని దరఖాస్తులో స్పష్టంగా రాయాలి.

రెండు లక్షలకు 26 కిస్తీలు, అంటే తొమ్మిది లక్షలకు పైగా తప్పిందని విని మా సహోద్యోగులు ఆశ్చర్యపోయారు. ఇందులో మహిమేమీ లేదని వాళ్లకూ చెప్పాను. ఆ తొమ్మిది లక్షలు ఎప్పుడో 2039లో, ఆ తర్వాత కట్టవలసినవి. ఇవాళ్టి రెండు లక్షలు 9.20 శాతం చక్రవడ్డీకి అన్నేళ్లూ పెరిగితే అంతకంటే తక్కువేమీ కావు. అసలుకు కట్టడమంటే ఆ డబ్బుకు 9.20 శాతం రాబడి, పన్ను లేకుండా, ఖాయంగా దొరకడం, అంతే. ఆ తర్వాత బంగారం ఎంత పెరిగిందో అందరూ చూశారు, మా ఇంట్లోనూ ఆ మాట వచ్చింది. అయినా ఆ రోజు మాకు ఖాయంగా తెలిసిన రేటు అదొక్కటే కాబట్టి చేసిన పనికి విచారించడం లేదు. ఆరు నెలల ఈఎంఐకి సరిపడా డబ్బు మాత్రం విడిగా ఫిక్స్‌డ్ డిపాజిట్‌లో ఉంచుకునే, ఈ రెండు లక్షలు కట్టాము. చేతిలో ఉన్నదంతా ఊడ్చి అప్పుకు కట్టి, ఆసుపత్రి ఖర్చు వస్తే మళ్లీ రెండు రూపాయల వడ్డీకి పరుగెత్తడం కంటే ఇదే మేలని నా అభిప్రాయం.

పన్ను మినహాయింపు గురించి ఒక మాట. గృహరుణం ఉంటే పన్ను కలిసివస్తుందని నాకు చాలామంది చెప్పారు. సొంతానికి ఉంటున్న ఇంటికి, పాత పద్ధతిలో రిటర్ను వేసేవారికి, ఏడాదికి 2 లక్షల వడ్డీ వరకే మినహాయింపు. మేము 3 లక్షలకు పైగా వడ్డీ కట్టిన ఏడాది ఆ పైమొత్తానికి ఏమీ రాలేదు. 20 శాతం శ్లాబులో ఉన్నవారికి ఆ 2 లక్షల మీద మిగిలేది సెస్సుతో కలిపి 41,600. కొత్త పద్ధతి ఎంచుకుంటే ఇలాంటి ఇంటికి అదీ లేదు. మినహాయింపు కోసం అప్పు సాగదీయడం ఏ లెక్కలోనూ నిలవదు.

2024 అక్టోబరు నుంచి కొత్తగా రుణం తీసుకునేవారికి రుసుములన్నీ కలిపిన వార్షిక రేటుతో సహా ముఖ్య వివరాల పత్రం ఇవ్వడం తప్పనిసరి అయింది. కిందటేడు మా ఆఫీసులో ఒక తమ్ముడు ఇల్లు కొంటూ దాన్ని తెచ్చి చూపించాడు. అందులోని అంకెలన్నీ బాగానే ఉన్నాయి. ఆ పక్కన ఇంకో కాగితం మీద, ఇదే రేటు 2 శాతం పెరిగితే ఈఎంఐ ఎంత అవుతుందో వేసి ఇచ్చాను. ఆ మొత్తం కూడా కట్టగలననుకుంటేనే సంతకం చేయమన్నాను. అతను 5 లక్షలు తక్కువ రుణం తీసుకున్నాడు.

2025లో రెపో తగ్గడం మొదలై డిసెంబరుకు 5.25కి వచ్చింది. మా రేటు 2026 జనవరిలో 7.95 అయింది. తగ్గినప్పుడల్లా ఈఎంఐ 36,800 దగ్గరే ఉంచమని దరఖాస్తు ఇస్తూ వచ్చాము. జనవరి కిస్తీలో వడ్డీ 22,531, అసలు 14,269. ఆదివారం నాన్న ఊరి నుంచి వచ్చినప్పుడు ఆ కాగితం చూపించాను. కళ్లద్దాలు పెట్టుకుని చివరి దాకా చదివి, ఎప్పటిలా ఇప్పుడు ఎన్ని పైసల వడ్డీ పడుతోందని అడుగుతారనుకున్నాను. కాగితం మడిచి నా చేతికిస్తూ, "ఇంకా ఎన్ని నెలలురా?" అన్నారు. నూట నలభై నాలుగు అని చెప్పాను.