తక్కెడ, పంచాంగం, జిల్లా పేరు: నా మొదటి సెట్

సెట్ డెకరేటర్‌ని అంటే మా ఊళ్లో ఇప్పటికీ నేను పెళ్లిపందిళ్లు వేస్తాననుకుంటారు. ఆర్ట్ డైరెక్టర్ గీసిన ఇంటిని వడ్రంగులు ప్లైవుడ్‌తో కట్టి వెళ్లాక, అందులో ఎవరో కాపురం ఉంటున్నట్టు సామాను సర్దడం నా పని.

సొంతంగా ఒప్పుకున్న మొదటి సెట్ 2025లో. కథ 1975 నాటిది. బొబ్బిలి దగ్గర పల్లెలో పోస్ట్‌మాస్టర్ ఇల్లు, ముందు గదే పోస్టాఫీసు. సెట్ వేసింది హైదరాబాద్‌లో, సినిమా షూటింగులు జరిగే గచ్చిబౌలి అల్యూమినియం ఫ్యాక్టరీలో. నాకిచ్చింది పన్నెండు రోజులు.

స్క్రిప్టులో రాసినవి తేలికే. తక్కెడ, స్టాంపులు, మనియార్డర్ ఫారాలు. రాయనివాటితోనే టెన్షన్. ఆయన కళ్లజోడు ఎక్కడ పెడతాడు? గొడుగు ఏ మేకుకి తగిలిస్తాడు? గురువారం జుమేరాత్ బజార్, ఆదివారం ఎర్రగడ్డ సంత తిరిగాను. గుండ్రటి నల్ల స్విచ్చులు, కిరోసిన్ స్టవ్, నవారు మంచం దొరికాయి. మూడొందలు చెప్పిన ఇత్తడి చెంబుని నూటయాభైకి అడిగితే "సినిమావాళ్లా? అయితే నాలుగొందలు" అన్నాడు. కొత్త కాగితాల్ని టీ డికాషన్‌లో ముంచి ఆరబెట్టాం. కుర్చీ వెనక గోడకి ఉండాల్సిన నూనె మరక బ్రష్‌తో వేస్తే నప్పలేదు. తలకి కొబ్బరినూనె పట్టించుకుని అరగంట నేనే ఆనుకుని కూర్చున్నాను.

ఇక క్యాలెండర్. 1975కీ 2025కీ తారీఖులు, వారాలు ఒకటే. మా అసిస్టెంట్ కుర్రాడు సంబరపడిపోయి, ఈ ఏటి క్యాలెండర్ మీద సంవత్సరం మార్చి ప్రింటు తీద్దామన్నాడు. వారాలు సరే, తిథుల మాటేమిటి? 2025 ఉగాదికి వచ్చింది విశ్వావసు, 1975 ఉగాదికి వచ్చింది రాక్షస. అమావాస్యలు, పండగలు కలవవు. కోఠిలో పాత పుస్తకాల మధ్య రాక్షస నామ సంవత్సర పంచాంగం పట్టుకునేసరికి రెండు రోజులు పోయాయి. కథలో వచ్చే ఆ ఒక్క నెలకే తిథులు మళ్లీ టైప్ చేయించాం.

ఇంత చూసుకున్నవాణ్ణి, పోస్టాఫీసు బోర్డు మీద మాత్రం 'విజయనగరం జిల్లా' అని రాయించాను. షూటింగ్ రోజు పొద్దున్నే కాస్ట్యూమ్స్‌లో పనిచేసే పెద్దాయన దాని ముందు ఆగాడు. "మాది అప్పుడు శ్రీకాకుళం జిల్లా కదేటి బాబూ" అన్నాడు. నిజమే. విజయనగరం జిల్లా ఏర్పడింది 1979లో. లైటింగ్‌కి పట్టే నలభై నిమిషాలే నాకు మిగిలాయి. పెయింటర్ చెరిపి రాస్తుంటే, మేకప్ వాళ్ల హెయిర్ డ్రయ్యర్ తెచ్చి ఒక్కో అక్షరం ఆరబెట్టాను. ఆ పెద్దాయన పక్కనే నిలబడి 'శ్రీకాకుళం'లో అక్షరాలు సరిచూశాడు.

ప్యాకప్ అయ్యాక అద్దె సామాను లెక్కపెట్టి తిరిగి అప్పజెప్పాం. తక్కెడ రాళ్లలో యాభై గ్రాములది తగ్గింది. ఆ డబ్బు నా పేమెంట్‌లోంచే పోయింది.