అవకాడో టెంక: మళ్ళీ వేరు కొస దగ్గరే ఆగిపోయింది

మళ్ళీ అదే కథ. నీళ్ళ సీసా మూతి మీద టూత్‌పిక్‌లు గుచ్చి నిలబెట్టిన అవకాడో టెంక చక్కగా పగిలింది, తెల్లగా వేరు దిగింది, మూడున్నర సెంటీమీటర్లు వచ్చిందో లేదో కొస గోధుమ రంగుకి తిరిగి, ముట్టుకుంటే జిగటగా చేతికి ఊడొచ్చేసింది. వాసన చూస్తే దేవుడి దగ్గర మర్చిపోయిన పూల నీళ్ళే. సరిగ్గా ఇక్కడే ఎందుకు చస్తోంది రా బాబూ అని తల పట్టుకున్నా.

మొలకెత్తడంలో అయితే ఏ ఇబ్బందీ లేదు, పై పొర వలిచేసినవి ముందే పగులుతున్నాయి.

మొదట బోరు నీళ్ళ మీద పడ్డా. అవకాడోకి ఉప్పు పడదు, క్లోరైడ్ అయితే అస్సలు పడదు, మా బోరు నీళ్ళ టీడీఎస్ (కరిగిన లవణాల లెక్క) చూస్తే 780 పీపీఎం. అందుకని రెండు సీసాలు పక్కపక్కనే పెట్టి ఒకదాంట్లో బోరు నీళ్ళు, ఇంకోదాంట్లో 60 ఉన్న ఆర్ఓ నీళ్ళు పోశా. రెండూ కుళ్ళాయి, పైగా ఆర్ఓదే ముందు!

తర్వాత టూత్‌పిక్ గుచ్చిన చోటు నుంచి కుళ్ళు దిగుతోందేమో అని పోయిన టెంకని నిలువుగా కోసి చూశా. గుచ్చిన చోట ఓ రెండు మిల్లీమీటర్లు నల్లటి రింగు ఉంది కానీ చుట్టూ పప్పు మీగడ రంగులో శుభ్రంగా ఉంది. కుళ్ళు వేరు కొస నుంచి పైకి 11 మిల్లీమీటర్లు పాకి ఆగింది, అంటే కింద నుంచి ఎక్కుతోంది. ఇక వేరుకుళ్ళు తెచ్చే ఫైటోఫ్తోరా అంటారా, కాలిఫోర్నియాలో హాస్ అనే అవకాడో రకానికి మొట్టమొదటి చెట్టే 2002లో వేరుకుళ్ళుతో పోయింది కాబట్టి భయం ఉంటుంది, కానీ అది మట్టితో వచ్చే తెగులు, నా సీసాలో మట్టి ఎక్కడుంది?

చివరికి కిచెన్ థర్మామీటర్ ముంచితే దొంగ దొరికాడనిపిస్తోంది. మధ్యాహ్నం మూడింటికి పడమటి కిటికీలో సీసా నీళ్ళు 37 డిగ్రీలు, వంటింటి గట్టు మీద అదే టైమ్‌కి 29. నీళ్ళు 25 డిగ్రీలు ఉంటే లీటరుకి 8 మిల్లీగ్రాములకి పైనే ఆక్సిజన్ కరుగుతుంది, 35 కి వచ్చేసరికి 7 దగ్గరికి పడిపోతుంది. ఒక్క మిల్లీగ్రామే కదా అనుకోకండి, ఆ వేడికి వేరుకీ బాక్టీరియాకీ ఇద్దరికీ ఆక్సిజన్ ఎక్కువ కావాలి, సీసాలో నీళ్ళేమో కదలవు, పైగా గాజు లోపల పచ్చగా నాచు. నీళ్ళు ఎన్ని మార్చినా సాయంత్రానికి మళ్ళీ జిగటే.

మెడికల్ షాపులో దొరికే 3 శాతం హైడ్రోజన్ పెరాక్సైడ్ ఒక చెంచా కలిపి చూశా, బుడగలు బాగా వచ్చాయి, అంతకు మించి ఏం లేదు. దాల్చినచెక్క పొడి చల్లమనేవాళ్ళకి ఓ దండం, అది టీలో వేసుకోండి. సీసాల్లో మాత్రం నెస్కెఫేదే బెస్ట్, మూతి మీద టెంక దానంతటదే కూర్చుంటుంది, టూత్‌పిక్ గోలే ఉండదు.

ఇప్పుడు మిగిలిన ఒకదానికి పాడైన కొసని, తెల్లటి భాగం కనిపించేదాకా బ్లేడుతో కోసేసి, సీసాకి నల్ల కవర్ చుట్టి వంటింట్లోకి మార్చా. మా అత్తయ్యకి గట్టు మీద చోటు పోయిందని కోపం, నాకేమో కోసిన చోటికి కాస్త పైన రెండు తెల్లటి బుడిపెలు కనిపిస్తున్నాయని ఆనందం. అవి పక్క వేర్లే అయితే నీళ్ళల్లో ఇంకా పెంచను, రెండు సెంటీమీటర్లు రాగానే కోకోపీట్ (కొబ్బరి పొట్టు), పెర్లైట్ (తేలికపాటి తెల్ల గుళికలు) కలిపిన లోతైన గ్రో బ్యాగ్‌లోకి వెళ్ళిపోతుంది.

కూర్గ్ కాయలు వానాకాలంలో వస్తాయి కదా, అప్పుడు ఎండ గోల కూడా తగ్గుతుంది, ఆ టెంకలు కొన్ని నేరుగా కోకోపీట్‌లోనే పెట్టి చూస్తా. టెంక మొక్క కాయాలంటే ఏళ్ళు పడుతుంది, కాసినా అదే రకం కాయ వస్తుందని లేదు, అందుకే కాండం పెన్సిల్ లావు అయ్యాక వెడ్జ్ గ్రాఫ్ట్ (కాండం చీల్చి మంచి చెట్టు కొమ్మని అందులో అంటుకట్టడం) చేద్దామని ఉంది. కొమ్మ ఎక్కడ దొరుకుతుందో చూడాలి, కడియం నర్సరీల వైపు వెళ్ళినప్పుడు అడుగుతా, ఎవరి దగ్గరైనా మన ఎండలకి తట్టుకుని కాసే చెట్టుంటే చెప్పండి, కొరియర్ ఖర్చు నాది.