ఊరి గోడ మీద పార్కు

చెన్నైలో కోట అనగానే అందరి దృష్టీ సెయింట్ జార్జి కోట వైపే మళ్ళుతుంది గానీ, నన్ను ఎక్కువగా ఆకట్టుకునేది పాత జైలు రోడ్డు పక్కన మిగిలిన బ్లాక్ టౌన్ (కోట బయటి పాత పట్టణం, నేటి జార్జి టౌన్) గోడ, దానిమీద వెలసిన మాడి పూంగా అనే మిద్దె పార్కు. 1758 డిసెంబరులో లాలీ నాయకత్వంలోని ఫ్రెంచి సైన్యం కోటను ముట్టడించినప్పుడు, కోట బయట సరైన రక్షణ లేని ఈ పట్టణం సులువుగా శత్రువు వశమైంది. ముట్టడి 1759 ఫిబ్రవరిలో ముగిసినా భయం తీరలేదు. పైగా ఆ తరువాతి దశకంలో హైదరలీ సేనలు నగర శివార్ల దాకా వచ్చాయి. అందుకే ఉత్తరాన, పడమరన గోడ లేచింది. దాన్ని కట్టిన గుత్తేదారు పాల్ బెన్‌ఫీల్డ్. ఖర్చు కోసం జనంపై వేయదలచిన పన్ను గుర్తుగా వాల్ టాక్స్ రోడ్డు ఇప్పటికీ ఉంది.

ఆ గోడ చాటున బతికిన వర్తకులలో, దుబాసీలలో మన తెలుగువారు ఎందరో ఉన్నారు. కొత్వాల్ చావడిలోని కన్యకా పరమేశ్వరి దేవస్థానం వైపు వెళ్ళినప్పుడల్లా నాకు ఈ గోడే గుర్తుకు వస్తుంది.

దగ్గరగా చూస్తే ఇటుకల సందుల్లో సున్నం పొడిపొడిగా రాలుతోంది, ఒకచోట రావి మొక్క వేరు లోపలికి దూరింది. వేరు లావెక్కక ముందే ఆ మొక్కను తొలగించాలి. మరమ్మతుకు సిమెంటు వాడరాదు. అది తేమను లోపలే బంధించి పాత ఇటుకను తినేస్తుంది కనుక సున్నమే వాడాలని నా విన్నపం.