మసక

ఇవాళ కూడా నిద్ర పట్టేలా లేదు. చిన్నది రెండుసార్లు తలుపు దాకా వచ్చి, నా మొహం చూసి ఏమీ అడక్కుండా వెళ్ళిపోయింది.

మధ్యాహ్నం రఫ్ కట్, అంటే ఇంకా తుదిరూపు రాని కూర్పు, చూపించాను. గంటా పది నిమిషాల డాక్యుమెంటరీలో చూసినవాళ్ళకి తోచినవి రెండే. అందులో కనిపించే టీబీ పేషెంటు ముఖానికి మసక వెయ్యాలట, దగ్గే చోట వయొలిన్ పెట్టాలట. వయొలిన్ దేనికి, ఆ దగ్గు చాలదా? మసక మాటకైతే ఒళ్ళు మండిపోయింది. అది నేరాల వార్తల్లో వేసేది. టీబీ వచ్చినావిడ ఏం నేరం చేసింది? ఈ జబ్బుకి కారణం ఒక సూక్ష్మజీవి అని రాబర్ట్ కాక్ అనే శాస్త్రవేత్త 1882లోనే చూపించాడు. మనమింకా మొహాలు దాచే దగ్గరే ఉన్నాం. అక్కడే గట్టిగా అనేశాను.

మొదటి రోజు షూటింగ్ గుర్తొస్తోంది. ఆవిడ మందులు మొదలెట్టి మూడో నెల నడుస్తోంది, నాలుగు మందులు కలిపి వాడే మొదటి రెండు నెలలూ గడిచాయి. వాటిలో ఒకటైన రిఫాంపిసిన్ మొదలెట్టిన కొత్తలో మూత్రం నారింజరంగులో వస్తే, రక్తమేమోనని రాత్రంతా ఏడ్చిందట. అలా వస్తుందని ముందుగా ఒక్కరూ చెప్పలేదు. మేం లైట్లు సర్దుకుంటుంటే నీళ్ళు తెచ్చింది. తన గ్లాసుకి మాత్రం ఎర్రదారం చుట్టి ఉంది. "గ్లాసుల వల్ల అంటుకోదండీ, గాలి ద్వారానే" అన్నాను. "నాకు తెలుసమ్మా. ఇంట్లోవాళ్ళ కోసం కట్టుకున్నాను" అంది. కెమెరా అప్పటికి ఆన్ చెయ్యలేదు. సినిమా మొత్తంలో అంత మాట లేదు.

ముఖం చూపించమన్నది ఆవిడే, సంతకమూ పెట్టింది. కానీ ఇది రాస్తుంటే తట్టింది, ఆ సంతకం మూడో నెలలోది. అప్పుడు చుట్టూ అందరికీ తెలుసు, దాచడానికేమీ లేదు. ఇప్పుడు ఆరు నెలల మందులూ పూర్తయ్యాయి. ఆఖరి కఫం పరీక్షలో ఏమీ లేదని ఫోన్లో చెబుతూ ఎంత నవ్విందో. కొత్త పనిలో చేరింది. ఆ ఎర్రదారం సంగతి అక్కడెవరికీ తెలియదు. రేపు ఈ సినిమా చూస్తే తెలుస్తుంది.

అలాగని వాళ్ళతో ఏకీభవించడం లేదు. చూసేవాళ్ళు ఇబ్బంది పడతారన్నారే గానీ ఆవిడ ఊసు ఎత్తలేదు. అంత గట్టిగా వాదించిన నేనూ ఎత్తలేదు.

పొద్దున్నే లాప్‌టాప్ తీసుకుని ఆవిడ దగ్గరికి వెళ్తాను. ముందు మొత్తం చూపించి, అప్పుడు మళ్ళీ అడుగుతాను. వద్దంటే ఆవిడ కనిపించే పదకొండు నిమిషాలూ తీసేస్తాను. వయొలిన్ మాత్రం పెట్టను.