షోలవరం: రన్‌వే మీద రేసు కార్లు

హైదరాబాద్ నుంచి కారులో చెన్నై వెళ్తే నెల్లూరు, గుమ్మిడిపూండి దాటాక షోలవరం వస్తుంది. అక్కడి చెరువు చాలామందికి తెలుసు. రెండో ప్రపంచ యుద్ధకాలపు రన్‌వే సంగతే ఎవరికీ పట్టదు. 1953లో మొదలైన మద్రాస్ మోటార్ స్పోర్ట్స్ క్లబ్ దశాబ్దాల పాటు రేసులు నడిపింది దాని మీదే.

రన్‌వే మీద రేసంటే తేలికనుకుంటారు. కానే కాదు. అంత వెడల్పు మైదానంలో చెట్టూ గోడా ఉండవు, బ్రేకు ఎక్కడ తొక్కాలో కంటికి గుర్తు దొరకదు. 2023 ఫిబ్రవరి 11న హుస్సేన్‌సాగర్ పక్కన జరిగిన ఫార్ములా ఈ అనే ఎలక్ట్రిక్ కార్ల రేసులో ఇబ్బంది దీనికి తలకిందులు: రెండు వైపులా గోడలే.

ఇలాంటి చోట మలుపుల్ని డ్రమ్ములు, గడ్డి మోపులు, పాత టైర్లతో గీయాలి. గడ్డి తడిస్తే బండలా బరువెక్కుతుంది, ఎండితే నిప్పు భయం. పొడవాటి స్ట్రెయిట్, అంటే మలుపుల్లేని దారి, చివర ఒక్కసారిగా వేగం దించాలి కదా, బ్రేకు ఫ్లూయిడ్ మరిగి బుడగలు కడుతుంది; పెడల్ మెత్తబడి కిందికి దిగిపోతుంది. సిమెంటు పలకల రన్‌వే అయితే అతుకుల దగ్గర లేచిన కంకర ముందు కారు చక్రం కింద నుంచి ఎగిరి వెనకవాడి రేడియేటర్‌కు తగులుతుంది.

1990లో శ్రీపెరుంబుదూరు దగ్గర ఇరుంగాట్టుకోట్టైలో శాశ్వత ట్రాక్ వచ్చింది. రేసులు అటు తరలిపోయాయి.