బులింబా రేవులో నా ఉద్యోగం

మూడేళ్ళ తర్వాత ఆస్ట్రేలియా నుంచి సెలవు మీద విశాఖ వచ్చాను. మా ఇల్లు పాత ఊళ్ళో, కోటవీధి దగ్గర. వచ్చిన రెండో రోజు సాయంత్రం నాన్న నన్ను రాస్ హిల్ చర్చి దగ్గరకు తీసుకెళ్ళాడు. అక్కడ నుంచి చూస్తే హార్బరు, ఎదురుగా యారాడ కొండ, పడమరగా క్రేన్లు. మెట్ల మీద కూర్చున్నాక అడిగాడు: "ఒరే, ఆ పడవ మీద నువ్వు ఏటి చేస్తావో మొదటినుంచీ చెప్పు."

ఫోన్లో చాలాసార్లు చెప్పాను. అయినా ఆయన ఎందుకు అడిగాడో తెలుసు. ఎంటెక్ కోసం అప్పు చేసి ఆస్ట్రేలియా వెళ్ళినవాడు పడవకు తాళ్ళు కడుతున్నాడట అని చుట్టాల్లో మాట వచ్చింది. అమ్మ ఆ మాటకు బాధపడింది. నాన్న పడలేదు, కానీ తెలుసుకోవాలనుకున్నాడు. ఆయన షిప్‌యార్డులో రిగ్గరుగా, అంటే తాళ్ళతో, గొలుసులతో బరువులు ఎత్తి దించే పనిలో, రిటైరయ్యాడు. 1948లో నెహ్రూ 'జల ఉష' ఓడను నీళ్ళలోకి దింపింది ఆ యార్డులోనే. వైరు రోపులు, చైన్ బ్లాకులు, షాకిల్స్ మధ్య ఆయన ఉద్యోగమంతా గడిచింది. అలాంటి మనిషికి "ఫెర్రీలో పని" అని ఒక్క ముక్కలో చెబితే సరిపోదు.

బ్రిస్బేన్ నగరం మధ్యలోంచి ఒక నది మెలికలు తిరుగుతూ పోతుంది. సముద్రపు ఆటుపోట్లు నగరం దాకా వస్తాయి, నీళ్ళు ఎప్పుడూ మట్టిరంగులోనే ఉంటాయి. ఒక ఒడ్డున బులింబా, ఎదురు ఒడ్డున టెనరిఫ్. ఒకప్పుడు ఉన్ని మూటలు దాచిన ఇటుక గోదాములు ఇప్పుడు టెనరిఫ్‌లో అపార్ట్‌మెంట్లు. దాటడానికి నాలుగు నిమిషాలు కూడా పట్టదు. కారులో అయితే ఎగువన ఉన్న స్టోరీ బ్రిడ్జి దాకా పోయి చుట్టి రావాలి. పొద్దున ఆఫీసుల వేళ ఆ చుట్టు ఎంత విసుగో అక్కడివాళ్ళకే తెలుసు.

నగరం పొడవునా తిరిగే పెద్ద ఫెర్రీలు సిటీక్యాట్లు, 1996 నుంచీ ఉన్నాయి. అడ్డంగా దాటించడానికి చిన్న చెక్క ఫెర్రీలు ఉండేవి. చెక్క పుచ్చిపోయిందని 2020లో వాటిని ఆపేశారు. తర్వాత వచ్చిన చిన్న కాటమరాన్లను ముద్దుగా కిట్టీక్యాట్లు అంటారు. నేను పనిచేసేది అలాంటి దాని మీదే.

"కాటమరాన్ అంటే కట్టుమరమేనా?" అన్నాడు నాన్న.

పేరు అక్కడినుంచే వెళ్ళింది, తమిళం మాట. మన జాలరిపేట వాళ్ళ తెప్ప లాంటిదే ఆ కట్టుమరం, దుంగలు పక్కపక్కన పేర్చి తాడుతో బిగించేది. ఇప్పటి కాటమరాన్‌లో దుంగలూ లేవు, తాడూ లేదు. నీళ్ళలో తేలే సన్నటి రెండు పడవ ఒళ్ళు, వాటిని హల్ అంటారు, వాటి మీద వెడల్పాటి ఒక డెక్కు. రెండు పాదాలు ఎడంగా పెట్టి నిలబడ్డ మనిషి లాగా నిలుస్తుంది. జనం అంతా ఒక పక్కకు వచ్చినా పెద్దగా ఒరగదు. హల్ సన్నం కాబట్టి పెద్ద అల లేవదు, ఒడ్డు కోసుకుపోదు. రెండు హల్‌లకూ రెండు ఇంజిన్లు. ఒకటి ముందుకు, ఒకటి వెనక్కి నడిపితే ఉన్నచోటే తిరుగుతుంది. ఇది చెప్పినప్పుడు నాన్న రెండు అరచేతులు ముందుకు చాపి, ఒకటి ముందుకూ ఒకటి వెనక్కూ జరిపి చూసుకున్నాడు.

చదువుకునేటప్పుడు గోదాములో రాత్రి షిఫ్టులు చేశాను. స్టూడెంట్ వీసా మీద రెండు వారాలకు 48 గంటలే పని. చదువయ్యాక ఐటీ ఉద్యోగం కోసం ఏడాది తిరిగాను. చివరికి డెక్కు మీద పనిచేయడానికి కావలసిన జనరల్ పర్పస్ హ్యాండ్ సర్టిఫికెట్ తీసుకున్నాను. ఆ ఏడాది గురించి నాన్నకు ఎక్కువ చెప్పలేదు.

పని తెల్లవారక ముందే మొదలవుతుంది. పడవ అడుగున ఉండే బిల్జిలో నీళ్ళున్నాయేమో చూడాలి, లైఫ్ జాకెట్లు లెక్కపెట్టాలి. పాంటూన్ అనే తేలే రేవు దగ్గరకు రాగానే తాడు ముడి రేవు మీది గుంజకు, అంటే బొలార్డుకు వేసి, పడవ మీది జంట గుంజల (బిట్) మీద ఎనిమిది ఆకారంలో చుట్టి, జనం నడిచే పలక గ్యాంగ్‌వే దించి, దిగేవాళ్ళను దింపి, ఎక్కేవాళ్ళను లెక్కపెట్టి, తాడు విప్పాలి. తర్వాత ఎదురు ఒడ్డున మళ్ళీ అదే. సైకిళ్ళు, పిల్లల బళ్ళు, వీల్‌చెయిర్లు. దిగుతూ ప్రతి ఒక్కరూ థాంక్యూ అంటారు. మొదటి నెలలో ఆ మాటకు ఎంత ఆనందపడ్డానో చెప్పలేను. 2024 ఆగస్టు నుంచి టికెట్టు 50 సెంట్లే, మన లెక్కలో ముప్పై రూపాయలకు అటూ ఇటూ.

మొదటి వారంలోనే ఒక తప్పు చేశాను. పాటు, అంటే నీళ్ళు సముద్రంలోకి వెనక్కి పోయే వేళ, జోరుగా ఉంది. తాడు బిట్‌కు చుడుతూ చెయ్యి తీయడంలో ఆలస్యమైంది. పడవ వెనక్కి లాగింది, తాడు బిగిసింది. గ్లోవు ఊడి తాడు కింద ఉండిపోయింది, వేళ్ళు దక్కాయి. పడవ నడిపే స్కిప్పరు ఏమీ తిట్టలేదు. ఆ ట్రిప్పు అయ్యాక ఇంజిన్లు ఆపి, పదిసార్లు చుట్టించాడు. ఈ సంగతి ఇంట్లో ఎవరికీ చెప్పలేదు. ఆ సాయంత్రమే మొదటిసారి నాన్నకు చెప్పాను.

ఆయన చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత తన ఎడమ చేతి ఉంగరపు వేలు చూపించాడు. పైకణుపు వంకరగా ఉంటుంది. తలుపు సందులో పడిందని చిన్నప్పుడు మాకు చెప్పాడు. "యార్డులో, బరువులెత్తే స్లింగు కింద," అన్నాడు. "మీ అమ్మకి ఇప్పటికీ తెలీదు."

ఎదురుగా నీళ్ళు చూస్తూ మళ్ళీ అన్నాడు: "నేను రోజూ ఇక్కణ్ణుంచి బస్సెక్కి, కాన్వెంట్ జంక్షన్ చుట్టి, మల్కాపురం మీదుగా సింధియాలో యార్డుకు పోయేవాణ్ణి. యార్డు క్రేన్లు ఇక్కడికి కనబడుతూనే ఉండేవి. ఆ చుట్టు తిరగలేక ఎన్ని రోజులు తిట్టుకున్నానో. నువ్వు జనానికి ఆ చుట్టు తప్పిస్తున్నావు కదరా."

చుట్టాల మాటకు ఇంతకంటే జవాబు నాకు అక్కర్లేదు.

ఇంటికి వచ్చాక బట్టలారేసే నైలాన్ తాడు విప్పి తెచ్చాడు. వీధరుగు మీద బోర్లించిన రెండు ఇత్తడి బిందెలను బిట్లు అనుకుని చుట్టమన్నాడు. చుట్టాను. వేళ్ళు ఎక్కడ పెడుతున్నానో వంగి చూశాడు. "బొటనవేలు లోపలికి రాకూడదు. మళ్ళీ," అన్నాడు. అమ్మ అన్నానికి పిలిచేదాకా చుట్టిస్తూనే ఉన్నాడు.